కెమెరా ఆన్ చేస్తే నా మాటే మారిపోతోంది (అమ్మ క్యాసెట్లు, నా డాక్యుమెంటరీ)

రాయచోటి_పిల్ల

ఆరు నెలలుగా నా గురించి నేనే ఒక డాక్యుమెంటరీ తీసుకుంటున్నాను. ఫోన్‌తోనే. ఇప్పటికి ముప్పై గంటల ఫుటేజ్ అయింది. మొన్న కూర్చుని మొత్తం చూసుకుంటే ఏడుపొచ్చింది. ఎందుకో చెప్తాను.

నాకు మూడేళ్లప్పుడు, 1999లో, అమ్మ కువైట్ పోయింది, ఇండ్లలో పనికి. పూర్తిగా తిరిగొచ్చింది 2011లో. మధ్యలో రెండుసార్లు వచ్చి నెల రోజుల చొప్పున ఉండి పోయింది. నన్ను పెంచింది మా జేజి. మొదటి నాలుగేళ్లు అమ్మ గొంతు మాకు క్యాసెట్లలో వచ్చేది. ఊరికి వచ్చేవాళ్ల చేతికిచ్చి పంపేది. అట్లాంటివి ఏడు ఉన్నాయి, జేజి బిస్కెట్ డబ్బాలో దాచిపెట్టింది. అందులో ఒకటి సినిమా పాటల క్యాసెట్. వెనక అంచున ఉండే రెండు చిన్న గుంతల మీద ప్లాస్టర్ ముక్కలు అతికించి, పాటల మీదే రికార్డ్ చేసింది. "పాపా, జేజిని సతాయించొద్దు, పాలు తాగు" అని అమ్మ ఆగినప్పుడు ఆ సందులో సన్నగా పాత పాట వినిపిస్తుంది. ఆ పాట అమ్మే నాకోసం పెట్టిందని చాలా ఏళ్లు అనుకున్నాను.

ఆ క్యాసెట్లు, జేజి ఇల్లు, ఇప్పటి నేను. ఇదే సినిమా. కానీ రికార్డ్ బటన్ నొక్కగానే నా మాట మారిపోతోంది. ఇంట్లో "యాడికి పోతాండావు", "తిన్న్యావా" అనే మనిషిని, కెమెరా ముందు "నా బాల్యమంతా ఒక నిరీక్షణ" అంటున్నాను. ముప్పై గంటల్లో ఒక్క నిమిషం కూడా నేను లేను, ఎవరో యాంకర్ ఉంది. ఇన్‌స్టాలో మూడేళ్లుగా రీల్స్ చేస్తూ అలవాటైన గొంతు అది. ఇప్పుడు ఏది నా గొంతో నాకే తెలియడం లేదు.

ఇంకో సంగతి. అమ్మకు సినిమా గురించి చెప్తే ఒకే మాట అంది: "ఎవురికి చూపీడానికి?" జవాబు చెప్పలేకపోయాను.

ఇట్లాంటివి తీసినవాళ్లు, చూసినవాళ్లు ఎవరైనా ఉంటే దారి చెప్పండి.

టవర్‌క్లాక్_ఎడిటర్

అన్నిటికంటే ముందు, ఆ క్యాసెట్లను ఇంకోసారి కూడా ప్లే చేయొద్దు చెల్లీ. దండం పెడతా. అనంతపురంలో పద్దెనిమిదేళ్లుగా పెళ్లి వీడియోలు ఎడిట్ చేస్తున్నాను. పాత క్యాసెట్ తెచ్చి, పాత టేప్‌రికార్డర్‌లో పెట్టి, మా కళ్లముందే టేపు నమిలించుకుని ఏడ్చినవాళ్లను చూశాను. ఇరవై ఏళ్లు డబ్బాలో ఉన్న టేపు ఎన్నిసార్లు తిరుగుతుందో మనం చెప్పలేం. ప్లే చేసిన మొదటిసారే రికార్డ్ కావాలి.

మంచి క్యాసెట్ డెక్ ఉన్నవాళ్లను వెతుక్కో. హెడ్, రబ్బరు రోలర్ శుభ్రం చేయించు. టేపును ఒకసారి చివరిదాకా తిప్పి, మళ్లీ వెనక్కి తిప్పి, అప్పుడు ప్లే చేయాలి. క్యాసెట్ లోపల టేపుకు ఆనే చిన్న స్పాంజి ముక్క ఊడిపోయి ఉంటే గొంతు బొంగురుగా వస్తుంది. స్క్రూలున్న క్యాసెట్ అయితే విప్పి, రీళ్లను వేరే డొల్లలోకి మార్చుకోవచ్చు. కంప్యూటర్‌లోకి వేవ్ ఫైల్‌గా ఎక్కించు, 48 కిలోహెర్ట్జ్, 24 బిట్. వీడియోకి అదే కుదురుతుంది. ఎంపీ3 వద్దు.

ఆ పాట వినిపించే క్యాసెట్‌ను శుభ్రం చేస్తామని ఎవరన్నా అంటే ఒప్పుకోవద్దు. కొన్న పాటల క్యాసెట్లకు ఆ గుంతలు తెరిచే ఉంటాయి, పొరపాటున పాటలు చెరిగిపోకుండా. వాటిని మూస్తేనే రికార్డ్ బటన్ దిగుతుంది. మీ అమ్మ వాడిన టేప్‌రికార్డర్ సరిగ్గా చెరపలేకపోయింది, అందుకే పాట కిందే మిగిలిపోయింది. నాకు అదే సినిమా అనిపిస్తోంది.

కారందోశ

యాస సంగతి చదివి నా కథే అనుకున్నా. హైదరాబాద్‌లో మొదటి ఇంటర్వ్యూకి పోయినప్పుడు "మీది సీమనా?" అని నవ్వి, సుమోలు, బాంబుల గురించి అడిగారు. ఆ రోజు నుంచి "వస్తాండా" అనడం మానేశా. పదకొండేళ్లయింది. మా నాయనకు ఫోన్ చేసినప్పుడు తప్ప ఆ మాట నోట్లోకి రాదు. ఆ పిల్ల ముప్పై గంటలు తీసి పట్టుకుంది, నాకైతే పదకొండేళ్లు పట్టింది.

బుడ్డల_చేను

ఒక మాట అడుగుతా, కోపం చేసుకోవద్దు. ఫోన్ తీస్తే ప్రతివాళ్లూ తమ మొహమే చూపిస్తున్నారు. పొద్దున లేచింది, తిన్నది, ఏడ్చింది. వాటికీ మీ సినిమాకీ తేడా ఏంది? మా కళ్యాణదుర్గం వైపు మనిషి తన గురించి తాను చెప్పుకుంటే సొంత డబ్బా అంటారు. కువైట్ పోయిన ఆడవాళ్ల గురించి తీయండి, మంచిదే. మధ్యలో "నేను" ఎందుకు?

పెన్నేటి_గాలి

బుడ్డల_చేను అడిగింది సరైన ప్రశ్న. జవాబు కొంచెం పెద్దది.

మనిషి తన గురించి తాను రాసుకోవడం మనకేం కొత్త కాదు. కందుకూరి స్వీయచరిత్ర రాసుకున్నాడు. హరికథా పితామహుడు ఆదిభట్ల నారాయణదాసు తన కథకు "నా యెరుక" అని పేరు పెట్టుకున్నాడు. ఎంత మంచి పేరో చూడండి. నేను గొప్పవాణ్ణి అని కాదు, నాకు ఎరుకైనంత మటుకు చెప్తున్నా అని. సొంత డబ్బాకూ ఎరుకకూ తేడా అక్కడే ఉంది.

సినిమాల్లో ఇట్లాంటి వాటిని జపాన్ వాళ్లు సెల్ఫ్ డాక్యుమెంటరీ అనే పిలుస్తారు. నవోమి కవాసే అని ఒక దర్శకురాలు. చిన్నప్పుడే తల్లిదండ్రులు దూరమైతే, అమ్మమ్మ వరసయ్యే పెద్దావిడ ఆమెను పెంచింది. 1992లో, చిన్నప్పుడే వదిలిపోయిన తండ్రిని వెతుక్కుంటూ ఎనిమిది ఎంఎం కెమెరాతో "ఎంబ్రేసింగ్" తీసింది. 1994లో తనను పెంచిన ముసలావిడ మీద "కతత్సుమోరి" తీసింది. రాయచోటి పాప కథ చదవగానే నాకు ఆమె గుర్తొచ్చింది.

ఇంకొకటి మన బుడ్డల చేనుకు దగ్గరది. ఫ్రాన్స్‌లో ఆన్యెస్ వర్దా 2000లో "ద గ్లీనర్స్ అండ్ ఐ" తీసింది. దేని మీద అనుకున్నారు? పరిగె ఏరుకునేవాళ్ల మీద. కోతలయ్యాక చేలో మిగిలింది ఏరుకునేవాళ్లు, ఊళ్లో పారేసిన కూరగాయలు ఏరుకునేవాళ్లు. వాళ్లను తీస్తూ తీస్తూ, చేతిలో ఉన్న చిన్న డిజిటల్ కెమెరాను తన రెండో చేతి మీదికి తిప్పుతుంది. ముడతలు పడిన చెయ్యి. అప్పటికే డెబ్బై దాటిన మనిషి. ఎవరో ఏరుకున్నట్టే తనూ ఏరుకుంటున్నానని ఆ ఒక్క చెయ్యి చెప్పేస్తుంది. "నేను" అక్కడికి వచ్చింది గొప్ప కోసం కాదు. ఎదుటివాళ్లను చూస్తున్నది ఎవరో దాచిపెట్టకుండా ఉండటానికి.

చెనిక్కాయ చెట్లు పీకినాక మట్టిలో చెయ్యిపెట్టి పరిగె ఏరినవాళ్లకు ఆ సినిమా వేరే ఎవరూ వివరించక్కర్లేదు.

బుడ్డల_చేను

పరిగె మీద సినిమా తీశారా! మా అమ్మ పరిగె బుడ్డలతోనే నాకు బడి సంచి కొనిచ్చింది. చూస్తా. ప్రశ్న మాత్రం పూర్తిగా పోలేదు, చూసినాక చెప్తా.

ప్రొద్దుటూరు_టీచరమ్మ

పాపా, అందరూ సినిమాల గురించి చెప్తున్నారు. నేను మీ అమ్మ గురించి అడుగుతాను. ఆ క్యాసెట్లు ఆమె పంపింది ఎవరికి? నీకూ, మీ జేజికీ. లోకానికి కాదు. పరాయి ఇంట్లో, పని ముగిసినాక, ఏ వంటింటి మూలలోనో కూర్చుని మాట్లాడిన మాటలవి. ఆమె ఇంకా బతికి ఉంది, నీ పక్కనే ఉంది. అడిగి తీయాలి కదా. "ఎవురికి చూపీడానికి" అన్న ప్రశ్నకు నీ దగ్గర జవాబు లేదంటే, సినిమా ఇంకా మొదలు కాలేదనే నా లెక్క.

మా అన్న 1990లో కువైట్‌లో ఉండేవాడు. ఆగస్టు 2న ఇరాక్ సైన్యం దిగింది. అమ్మాన్ దాకా బస్సుల్లో చేరి, అక్కడ ఎయిరిండియా విమానమెక్కి వచ్చిన లక్షమందికి పైగా జనంలో ఆయనొకడు. ఒక్క సంచితో దిగాడు. అక్కడ ఏం జరిగిందో చచ్చేదాకా ఒక్క మాట చెప్పలేదు. మేమూ అడగలేదు. చెప్పకపోవడం కూడా ఆయన ఇష్టమే అనుకున్నాం.

పెన్నేటి_గాలి

టీచరమ్మగారూ, మీ అన్నగారి మీద గౌరవంతోనే ఒక మాట. ఆయన చెప్పకపోవడం ఆయన ఇష్టం. కానీ మీరు అడిగి ఉంటే? కడప జిల్లా నుంచి అన్ని వేల మంది గల్ఫ్ పోయారు, ఎంతమంది గొంతులు మన దగ్గర ఉన్నాయి? అందరం మర్యాదగా అడగకుండా ఉంటే, ఒక తరం మొత్తం మాట లేకుండా వెళ్లిపోతుంది. నొప్పిని చూపించడం తప్పు కాదు.

ప్రొద్దుటూరు_టీచరమ్మ

అడగమనే నేనూ అంటున్నా నాయనా. అడగకుండా తీయొద్దు అంటున్నా. ఈ రెండిటి మధ్యా చాలా దూరం ఉంది.

మా అన్నను అడిగి ఉంటే అన్నది నన్ను చాలా రాత్రులు నిద్రపోనివ్వలేదు. మీరు కొత్తగా గుర్తు చేయక్కర్లేదు.

పెన్నేటి_గాలి

క్షమించండి టీచరమ్మా. తొందరపడ్డాను.

హంద్రీ_ఒడ్డు

కర్నూలు నుంచి. 2009 అక్టోబర్ 2న తుంగభద్ర, హంద్రీ కలిసి ఊరిని ముంచినప్పుడు మా ఇంట్లో కింది అంతస్తు మొత్తం నీళ్లు. మూడో రోజు లోపలికి పోతే, బీరువాలో అడుగున పెళ్లి ఆల్బం బురదలో ఉంది. ఆ ప్లాస్టిక్ పేజీలకు ఫోటోలు అతుక్కుపోయాయి. అమ్మ ఒక్కో ఫోటో పీకుతుంటే రంగు ప్లాస్టిక్‌కే ఉండిపోయి తెల్ల కాగితం మాత్రం చేతికొచ్చేది. ఒక ఫోటోలో మా నాన్న మొత్తం పోయి, అమ్మ భుజం మీద వేసిన ఆయన చెయ్యి మిగిలింది. గడియారంతో సహా. ఆయన అంతకు రెండేళ్ల ముందే పోయారు.

ఆ ఒక్క చెయ్యి మా ఇంట్లో ఫ్రేమ్ కట్టించి ఉంది. పెన్నేటి_గాలి చెప్పిన చెయ్యి సంగతి చదివి ఆగలేక రాస్తున్నా.

ఇప్పుడు నా ఫోన్‌లో పద్నాలుగు వేల ఫోటోలు ఉన్నాయి. ఒక్కటీ తెరిచి చూడను. ఆ చెయ్యిని రోజూ చూస్తాను.

కారందోశ

చదివి కాసేపు ఏం రాయాలో తెలియలేదు.

ధర్మవరం_మగ్గం

ఆయనవి వరద తీసుకపోయింది. నావి ఒక్క రాత్రిలో పోయాయి, నీళ్లు కూడా రాకుండా. 2020 జూన్ 29. టిక్‌టాక్ ఆపేసిన రోజు. నేను మగ్గం మీద కూర్చుని రోజుకొక వీడియో పెట్టేదాన్ని, మగ్గం తొక్కడం, జరీ ఎక్కించడం, మధ్యలో పాట పాడటం. ఆరు వందల పైన ఉండేవి. ఫోన్‌లో జాగా చాలక తీసినవి తీసినట్టు తుడిచేసేదాన్ని, అందులో ఉన్నాయిలే అని. తెల్లారి చూస్తే లేవు.

అప్పటిదాకా వీధిలో అందరూ నన్ను మా ఆయన పేరు చెప్పి ఆయన పెళ్లాం అనేవాళ్లు. ఆ వీడియోలతో నాకంటూ ఒక పేరొచ్చింది. అది పోయినప్పుడు మా ఇంట్లో "పోతే పోనీలే, కాలక్షేపానికి కదా" అన్నారు. నాకు కాలక్షేపం కాదు. అందులో ఉన్నది నేను.

అందుకే బుడ్డల_చేనుకు చెప్తున్నా, మొహం చూపించుకునే వాళ్లందరూ డబ్బా కొట్టుకునేవాళ్లు కాదన్నా. కొందరికి అంతకుముందు మొహమే లేదు.

బుడ్డల_చేను

తప్పయింది అక్కా. నేను అనుకున్నది వేరే, మీరు చెప్పింది వేరే. ఒప్పుకుంటున్నా.

టవర్‌క్లాక్_ఎడిటర్

ధర్మవరం అక్క చెప్పింది అందరూ రాసిపెట్టుకోవాలి. యాప్‌లో ఉంటే మన దగ్గర ఉన్నట్టు కాదు. గూగుల్ ఫోటోస్ కూడా 2021 జూన్ 1 నుంచి ఉచితంగా ఎంతైనా దాచుకునే పద్ధతి తీసేసింది. ఇప్పుడు అన్నీ కలిపి 15 జీబీ. నింపినాక డబ్బులు కట్టాలి. నా పద్ధతి చెప్తా: ప్రతి ఫైల్ మూడు చోట్ల ఉండాలి, రెండు రకాల పరికరాల మీద, అందులో ఒకటి వేరే ఇంట్లో. రాయచోటి పాప ఒక హార్డ్‌డిస్క్ జేజి ఊళ్లో పెట్టుకోవచ్చు.

వాట్సాప్‌లో ఒకరికొకరు పంపుకున్న వీడియోలు వాడాలంటే నాణ్యత పడిపోయి ఉంటుంది, తీసిన తేదీ కూడా పోతుంది. పంపేటప్పుడు డాక్యుమెంట్‌గా పంపమనాలి.

ఇంకోటి. ఫోన్లు సెకనుకు తీసే ఫ్రేముల లెక్క అటూ ఇటూ మారుస్తుంటాయి. ఎక్కువసేపు తీసిన షాట్లలో గొంతు, పెదవులు కలవవు. ఎడిటింగ్‌కు ముందే ఒకే లెక్కకు మార్చుకో. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ డావిన్చీ రిజాల్వ్ ఉచితంగానే దొరుకుతుంది, సినిమా ఎడిట్ చేయడానికి అది చాలు.

లా_చదివినోడు

టీచరమ్మ అన్న అనుమతి సంగతికి చట్టం వైపు నుంచి కొంచెం. 2017 ఆగస్టు 24న, పుట్టస్వామి కేసులో, తొమ్మిది మంది జడ్జీలు గోప్యత ప్రాథమిక హక్కు అని తేల్చారు. 2023లో డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చింది. సొంతానికి, ఇంటి అవసరానికి వాడుకునేదానికి అది వర్తించదు. కానీ నలుగురికి విడుదల చేసే సినిమాను ఇంటి అవసరం అనడం కష్టం. అమ్మ, జేజి, ఇంకెవరు కనబడినా, వినబడినా ఒక కాగితం మీద రాయించుకోండి, తెలుగులోనే, వాళ్లకు అర్థమయ్యేట్టు. ఫెస్టివల్‌కి పంపినా వాళ్లు ఆ కాగితం అడగొచ్చు.

ప్రొద్దుటూరు_టీచరమ్మ

కాగితం మంచిదే. కన్నతల్లి దగ్గర సంతకం తీసుకుంటే అయిపోయిందనుకోవద్దు. మొత్తం చూపించి, ఏది తీసేయమంటే అది తీసేస్తానని మాటివ్వాలి. మాట నిలబెట్టుకోవాలి.

సీమ_కుర్రోడు

తక్కువ ఖర్చుతో చేసిన సినిమా ఒకటి ఉంది కదా, జొనాథన్ కవెట్‌ది, 2003 "టార్నేషన్". పదకొండేళ్ల వయసు నుంచి తనను తాను తీసుకున్న టేపులు, ఫోటోలు, అమ్మ మానసిక అనారోగ్యం, అన్నీ కలిపి ఐమూవీ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో ఎడిట్ చేశాడు. 218 డాలర్లే అయిందట. సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో వేశారు. మనకు డబ్బులు అడ్డం కాదు.

టవర్‌క్లాక్_ఎడిటర్

తమ్ముడూ, ఆ 218 లెక్క ఇంట్లో తయారైన సినిమాకి. థియేటర్‌కి వచ్చేసరికి పాటల హక్కులు, సౌండ్ పని కలిపి ఖర్చు లక్షల డాలర్లకు పోయింది. అది ఇక్కడ కూడా పనికొచ్చే మాటే. అమ్మ గొంతు కింద ఉన్న ఆ పాట ఎవరిదో కంపెనీది. యూట్యూబ్‌లో పెడితే యంత్రమే పట్టేసి క్లెయిమ్ వేస్తుంది, అది అమ్మ గొంతని దానికి తెలియదు. పాట తీసేయొద్దని నేనే చెప్పాను, మాట మార్చను. హక్కుల సంగతి ముందే కనుక్కో, చివర్లో పెట్టుకోవద్దు.

సీమ_కుర్రోడు

అంత ముందుకు ఆలోచించలేదన్నా. ఇంకొకటి అడుగుతా. అమ్మ కువైట్‌లో ఉన్నప్పటి ఫుటేజ్ ఏం లేదు కదా. ఎవరితోనైనా ఆ వంటింటి సీన్ ఆడించి తీయొచ్చా?

పెన్నేటి_గాలి

కెనడాలో సారా పోలీ 2012లో "స్టోరీస్ వి టెల్" అని తీసింది. తన చిన్నప్పుడే పోయిన వాళ్లమ్మ గురించి ఇంట్లో అందరినీ కూర్చోబెట్టి అడుగుతుంది. ఒక్కొక్కరూ ఒక్కో రకంగా చెప్తారు. పాత ఇంటి సినిమాల్లాంటి దృశ్యాలు మధ్యలో వస్తాయి. అందులో చాలా వరకు నటులతో సూపర్ 8 అనే పాతకాలం ఫిల్మ్ మీద కొత్తగా తీసినవని తర్వాత తనే చూపిస్తుంది. చేయొచ్చు. కానీ ఆడించామని ఎక్కడో ఒకచోట చూపించాలి. నిమ్మలకుంట తోలుబొమ్మలాటలో తెర వెనక మనిషి ఉన్నాడని అందరికీ తెలుసు, అయినా బొమ్మను నమ్ముతాం. దాచి మోసం చేస్తే మాత్రం నమ్మకం పోతుంది.

నన్నడిగితే ఈ సినిమాకి అది వద్దు. గొంతు ఉంది, చాలు. తెర మీద ఆ క్యాసెట్ తిరుగుతూ ఉంటే కూడా నేను చూస్తాను.

కారందోశ

అందరూ క్యాసెట్ల గురించే మాట్లాడుతున్నారు. ఆ పిల్ల అడిగిన మొదటి ప్రశ్న యాస గురించి. దానికి ఎవరూ చెప్పలేదు.

నా వరకు ఒకటి గమనించా. నాయనతో మాట్లాడేటప్పుడు తప్ప నా మాట నాకు రాదు అన్నా కదా. అంటే మాట నా ఒక్కడి దగ్గర లేదు, ఆయనకూ నాకూ మధ్య ఉంది. ఎదురుగా ఆయన ఉంటేనే అది బయటికొస్తుంది. కెమెరాతో మాట్లాడితే కెమెరా భాషే వస్తుంది. మరి ఆ పిల్ల ఒక్కతే గదిలో కూర్చుని స్టాండ్‌కి ఫోన్ తగిలించి మాట్లాడితే యాంకర్ కాక ఎవరొస్తారు?

ధర్మవరం_మగ్గం

నిజం. నేను వీడియోల్లో బాగా మాట్లాడిందంతా మా పక్క మగ్గం అక్కతో మాట్లాడుతూ తీసినవే. కెమెరాకు చెప్పాలని కూర్చుంటే గొంతు పట్టేసేది.

టవర్‌క్లాక్_ఎడిటర్

పెళ్లి వీడియోల్లో కూడా అంతే. "ఆశీర్వదించి రెండు మాటలు చెప్పండి" అని మైక్ పెడితే పెద్దాయన పుస్తకంలో భాష చదువుతాడు. మైక్ జేబుకు పెట్టి వదిలేస్తే, గంట తర్వాత కూతుర్ని పట్టుకుని "బాగుండు తల్లీ, ఫోన్ చేస్తాండు" అంటాడు. ఆ ఒక్క ముక్క కోసం నేను మూడు గంటల ఆడియో వింటాను.

కాలర్ మైక్ ఒకటి కొనుక్కో. మన గాలికి దానిమీద బొచ్చు తొడుగు తప్పనిసరి. ఫోన్‌ను ఏ గూట్లోనో పెట్టి మర్చిపో. స్క్రీన్ నీకు కనబడకుండా తిప్పిపెట్టు, మన మొహం మనకు కనబడితే మనం దాన్నే సర్దుకుంటుంటాం.

రాయచోటి_పిల్ల

నాలుగు రోజులుగా అన్నీ చదువుతున్నాను, ఒక్కొక్కటి రెండేసిసార్లు. కారందోశ అన్నా, మీ పోస్ట్ చదివి నా ముప్పై గంటలు మళ్లీ తీశాను. అన్నిట్లోనూ నేనొక్కదాన్నే ఉన్నాను. అమ్మ గొంతు గురించి సినిమా తీస్తూ, అమ్మతో ఒక్కసారి కూడా మాట్లాడలేదు.

టీచరమ్మా, ఈ ఆదివారం అమ్మను అడుగుతాను. ముందు క్యాసెట్లు ఎక్కిస్తాను. కడపలో పాత రికార్డుల పిచ్చి ఉన్న ఒక పెద్దాయన దగ్గర మంచి డెక్ ఉంది, ఒప్పుకున్నారు.

ప్రొద్దుటూరు_టీచరమ్మ

మంచిది తల్లీ. అడిగేటప్పుడు కెమెరా పెట్టొద్దు.

రాయచోటి_పిల్ల

రాయడం ఆలస్యమైంది, మూడు వారాలయింది.

క్యాసెట్లు ఏడింటిలో ఆరు బాగా వచ్చాయి. ఒకటి మధ్యలో తెగింది, పెద్దాయన అతికించారు, రెండు మూడు మాటలు పోయాయి.

టీచరమ్మ చెప్పినట్టే కెమెరా లేకుండా అమ్మకు పాటల క్యాసెట్ వినిపించాను. వంటింట్లో, రాగిముద్ద కెలుకుతుండగా. తన గొంతు తనకే అర్థం కాలేదు. "ఎవురిది, మీ పిన్నిదా?" అనింది. తర్వాత చెయ్యి ఆగింది. గరిట పట్టుకునే నిలబడి ఒక సైడ్ మొత్తం వినింది. ముద్ద అడుగంటింది.

ఆ క్యాసెట్ చివర్లో అమ్మ ఏడుస్తుంది, ఒక నిమిషం దాకా. అది తీసేయమంటుందని గట్టిగా అనుకున్నాను. అదేం అనలేదు. "ఏడ్చింది ఉండనీలే, ఏడ్చినాను కదా" అనింది. తీసేయమన్నది ఇంకోటి. మధ్యలో పిన్ని అప్పు తీర్చలేదని, జేజి బంగారం తాకట్టు పెట్టిందని కోపంగా తిడుతుంది. "అది తీసెయ్. ఇప్పుడు దాంతో బాగున్నాం. అది ఇంటే బాధపడుతాది." నేను ఏది దాచాలో, ఏది చూపించాలో ఆరు నెలలు ఆలోచించింది మొత్తం తలకిందులైంది. తీసేశాను. రెండు నిమిషాల పది సెకన్లు.

ఆ పాట గురించి కూడా అడిగాను. నాకోసం పెట్టింది కాదని తెలుసు, అయినా అడిగాను. ఆ ఇంట్లో అంతకుముందు పనిచేసిన మనిషి వదిలేసిపోయిన క్యాసెట్ అట. కొత్తది కొనడానికి బయటికి పంపరు కాబట్టి దాని మీదే మాట్లాడిందట. "పాటలు చెడిపోతాయని పానం ఒప్పలేదు, కానీ నీకు మాట్లాడాల కదా" అనింది.

మరుసటి రోజు నుంచి ఫోన్ గూట్లో పెట్టి తీస్తున్నాను. అమ్మ చెప్తుంటే నేను అడుగుతున్నాను. "మళ్ల ఏమైంది మా?" అంటున్నాను. నా గొంతే.

కారందోశ

"మళ్ల ఏమైంది మా" చాలు పిల్లా. అంతే కావాల్సింది.

పెన్నేటి_గాలి

అంతకుముందు పనిచేసిన మనిషి వదిలేసిపోయిన క్యాసెట్! ఆమె ఎవరో, ఏ ఊరో అమ్మకు గుర్తుందా? తెలుగు పాటలంటే మన వైపు మనిషే అయ్యుంటుంది.

హంద్రీ_ఒడ్డు

పిన్ని గురించి తీసేయమన్న మాట నాకు బాగా నచ్చింది. మా అమ్మ కూడా అదే అనేది.

టవర్‌క్లాక్_ఎడిటర్

తెగిన క్యాసెట్ అతికించిన చోటు ఫైల్‌లో ఎక్కడుందో రాసిపెట్టుకో. తీసేసిన రెండు నిమిషాలు సినిమాలోంచి తీసెయ్, అసలు ఫైల్ మాత్రం అట్లే ఉంచు, అమ్మ ఒప్పుకుంటే.

రాయచోటి_పిల్ల

అసలు ఫైల్ ఉంచుకోమంది అన్నా, "నీ దగ్గర పెట్టుకో, దానికి వినిపీయొద్దు" అని.

పెన్నేటి_గాలి గారూ, అడిగాను. పేరు తెలియదట. అమ్మ చేరేనాటికే ఆమె వెళ్లిపోయింది. కానీ క్యాసెట్ అట్ట మీద పెన్నుతో ఏదో రాసి ఉంది, సగం చెరిగిపోయింది. "లక్కిరెడ్డి" దాకా కనబడుతోంది. లక్కిరెడ్డిపల్లె అయ్యుంటుందని అమ్మ అంటోంది. మా ఇంటి నుంచి బస్సులో పోయేంత దూరమే. ఈ ఆదివారం నేనూ అమ్మా పోతున్నాం.